అంజి డ్యూటీ

అంజి మా రూములోకి వచ్చిన మూడో రోజే పొయ్యి పోయింది.

కరెంటు పొయ్యి. ఈ పరాయి దేశంలో, రుసైల్ ఫ్యాక్టరీల పేటలో, మా కంపెనీ క్యాంపు గదుల్లో వంట చేసుకోకూడదు. అయినా ఆరేళ్లుగా దేవయ్య మామ మంచం కింద, బియ్యం డబ్బా వెనక, గోనెసంచి కప్పి దాన్ని కాపాడుకుంటూ వచ్చాం. మెస్సు తిండి నోటికి ఎక్కని రోజున మా ఆరుగురికీ జొన్నరొట్టె, చింతపండు పులుసు దాని మీదే. మూడేళ్ల కిందటి నవంబరులో ఓ ఉదయం క్యాంప్ బాస్ వచ్చి, నేరుగా ఆ మంచం దగ్గరే వంగి, డబ్బా జరిపి, పొయ్యి చంకన పెట్టుకుని వెళ్లిపోయాడు. ఎక్కడా వెతకనైనా వెతకలేదు.

"ఎవడో జెప్పిండు," అన్నాడు దేవయ్య మామ. నాకంటే పదేళ్లు పెద్ద, మా గదికి వంటమనిషీ పెద్దమనిషీ ఆయనే. మాట నాతో అంటున్నా ఆయన చూపు అంజి మంచం మీద ఉంది.

అంజి నా భార్య రజితకు తమ్ముడు. జగిత్యాల పక్క ఊరు. అప్పటికి వాడికి ఇరవై నాలుగేళ్లు. వాడి వీసా నేను తీయలేదు, అదే నా మొదటి అనుమానం. ఆ సిమెంటు ఇటుకల ఫ్యాక్టరీలో అప్పటికి నాకు పద్నాలుగేళ్ల సర్వీసు. లోడింగ్ సెక్షన్‌కి ఫోర్మన్‌ని. మా వైపు నుంచి ఎవరు రావాలన్నా ముందు నాకే ఫోన్ వచ్చేది. వీడు మాత్రం చడీచప్పుడు లేకుండా హెల్పర్ వీసా మీద దిగాడు, అదీ నా సెక్షన్‌లోనే. విమానం టికెట్టు కూడా కంపెనీయే పెట్టిందట.

"ఎవలు తీసిన్రురా నీ వీసా?" అని అడిగాను.

"కంపెనోళ్లే బావా. ఆన్‌లైన్ల పెట్టిన."

"హెల్పర్లను ఆన్‌లైన్ల తీస్కుంటున్నరా ఇప్పుడు?"

వాడు నవ్వి తల గోక్కున్నాడు. చిన్నప్పటి నుంచీ అబద్ధం చెప్పేటప్పుడు వాడు చేసే పని అదే.

రెండు రోజులకు ఆఫీసు నుంచి కబురు వచ్చింది. అంజిని పదకొండింటి వరకే లోడింగ్‌లో వాడుకోవాలి, ఆ తర్వాత వాడికి సేఫ్టీ డిపార్టుమెంటులో పని ఉంటుంది, హాజరు మాత్రం పూర్తి డ్యూటీ వేయాలి. నేను వేశాను. రోజూ పదకొండున్నరకు సేఫ్టీ మేనేజరు రెన్నీ గారి తెల్ల కారు గేటు దగ్గర ఆగేది. రెన్నీది స్కాట్లండ్. అరవై దాటిన మనిషి, ఎండకు కమిలిన ఎర్రటి మెడ. మాతో హిందీ ఇంగ్లీషు కలిపి మాట్లాడేవాడు. అంజి వెళ్లి ఆ కారు ముందు సీట్లో కూర్చునేవాడు. హెల్పర్ మేనేజరు పక్కన ముందు సీట్లో కూర్చోవడం ఆ ఫ్యాక్టరీలో అంతకు ముందు ఎవరూ చూడలేదు.

పొద్దు వాలాక తిరిగి వచ్చేవాడు. తలస్నానం చేసి ఉండేవాడు, ఆకలితో ఉండేవాడు. సేఫ్టీ డిపార్టుమెంటులో ఏం పని చేస్తే మనిషికి అంత ఆకలి వేస్తుందో నాకు అర్థం కాలేదు.

వాడు గదిలోకి రాగానే మాటలు ఆగిపోయేవి. వాడి వంతు ఇటుకలు కూడా నా మనుషులే ఎత్తుతున్నారు, వాళ్ల చూపులు నా మీద కూడా పడుతున్నాయి. ఒక సాయంత్రం దేవయ్య మామ నన్ను బయట నీళ్ల ట్యాంకు దగ్గరికి తీసుకుపోయాడు.

"మల్లేశం, నీ బామ్మర్ది అని ఇన్ని దినాలు ఊకున్న. ఆఫీసోళ్లకు రూముల చెవులు కావాల్నంటె గిట్లాంటోళ్లనే పంపుతరు. నువ్వన్న అడుగు, లేకుంటె మేమే అడుగుతం."

"జెర ఆగు మామా. నేనే సూస్త."

నాకు మాత్రం వాడు గూఢచర్యం కంటే పెద్ద తప్పేదో చేస్తున్నాడనిపించేది. మందు సీసాలు మోస్తున్నాడేమో, ఇంకేమన్నా మోస్తున్నాడేమో. పట్టుబడితే వాడితోపాటు నా బతాకా, ఇక్కడ ఉండనిచ్చే కార్డు, కూడా పోతుంది, పద్నాలుగేళ్లు ఒక్క సంతకంతో కొట్టుకుపోతాయి. వాడు స్నానానికి వెళ్లినప్పుడు వాడి సంచి రెండుసార్లు వెతికాను. తుండుగుడ్డలు, నొప్పుల మందు తప్ప ఏమీ దొరకలేదు. ఏమీ దొరక్కపోవడం నా అనుమానాన్ని ఇంకా పెంచింది.

డిసెంబరులో ఒక శుక్రవారం జ్వరమని చెప్పి అంజి ముసుగు తన్ని పడుకున్నాడు. నేను రజితకు శాలువా కొందామని మత్రా బజారుకు వెళ్లాను. బజారు సందులో ముందుకు పోతూ ఉంటే పాతిక అడుగుల దూరంలో రెన్నీ ఎర్రటి మెడ కనబడింది. పక్కన జ్వరం మనిషి హుషారుగా నడుస్తున్నాడు. ఇద్దరూ జిలాని దుకాణంలోకి వెళ్లారు. నేను ఎదుటి అత్తరు కొట్టు ముందు నిలబడి, కొనే ఉద్దేశం లేకుండా సీసాలు వాసన చూస్తూ కాపు కాశాను. పావుగంటకు పెద్ద సంచితో బయటికి వచ్చి రేవు వైపు వెళ్లిపోయారు.

జిలానిది హైదరాబాదు. మా వాళ్లందరికీ చెప్పులు, బూట్లు అక్కడే.

"ఇప్పుడు పోయిన పిలగాడు ఏం కొన్నడు భాయ్?"

"ఫుట్‌బాల్ బూట్లు. మోకాలికి ఏస్కునే పట్టీ. ఆ తెల్ల సాబ్ తీసిచ్చిండు," అన్నాడు జిలాని. అని నాలుక కరుచుకున్నాడు. "ఎవరన్న అడిగితె స్కూల్ పిల్లలకని చెప్పమన్నడు భాయ్. నువ్వు మనోనివని నోరు జారిన."

శాలువా కొనకుండానే బస్సెక్కాను. రుసైల్ కంపెనీల మధ్య ప్రతి చలికాలం ఫుట్‌బాల్ కప్పు జరుగుతుంది. ఫ్యాక్టరీలో నిజంగా పనిచేసే కార్మికులే ఆడాలని, ఆడటానికని బయటి నుంచి మనుషుల్ని తెచ్చుకోకూడదని దానికో నియమం ఉంది. అయినా ఆ కప్పు కోసం పెద్ద సార్లు పిల్లల్లా కొట్టుకుంటారు. మా కంపెనీ అప్పటికి నాలుగేళ్లుగా ఓడిపోతోంది.

గదికి వచ్చేసరికి అంజి మళ్లీ ముసుగులో ఉన్నాడు. దుప్పటి లాగేశాను.

"ఎంత జ్వరమున్నది? బూట్లు కొనుక్కునేంతనా?"

వాడు లేచి కూర్చున్నాడు. ఈసారి తల గోక్కోలేదు. "ఎవ్వరికన్న చెప్తె వీసా క్యాన్సిల్ చేస్తమన్నరు బావా. నీకు గూడ చెప్పద్దన్నరు."

"పొయ్యి సంగతి చెప్పింది నువ్వేనా?"

"ఏం పొయ్యి?" అన్నాడు. వాడి ముఖంలో నిజంగానే ఏమీ లేదు. పొయ్యి సంగతి ఎవరు చెప్పారో నాకు ఈ రోజుకూ తెలియదు.

"మీ అక్కకు ఎర్కేనా నువ్వు ఆటకొచ్చినవని?"

వాడు దుప్పటి మడత పెట్టసాగాడు. నేను బయటికి వెళ్లి రజితకు ఫోన్ చేశాను.

"ఎర్కే," అంది. "వాడు చెప్పిండు. పొమ్మన్న."

"మరి నాకు చెప్పద్దా? నేనేమైత నీకు?"

"నీకు చెప్పుడా? పదో తరగతిల, నువ్వు సెలవు మీద వచ్చినప్పుడు, వాని బూట్లు బాయిల ఏసింది ఎవలు? జిల్లా టీముల పేరొచ్చిందని ఉరుక్కుంట వచ్చి నీకే మొదాలు చెప్పిండు వాడు. అన్నం పెట్టని ఆట ఎందుకని ఏసినవ్. ఇప్పుడు అన్నం పెడ్తున్నది. ఇప్పుడు గూడ ఏస్తవా?"

ఫోన్ పెట్టేశాను. పెళ్లయిన పదమూడేళ్లలో ఆమె నా దగ్గర ఏదీ దాచలేదనుకునేవాణ్ణి. ఇంకేమేం దాచిందోనని ఆ వారమంతా ఆలోచించాను. ఇద్దరమూ ఫోన్ చేసుకోలేదు.

దేవయ్య మామకు మాత్రం చెప్పాను, ఎవరికీ చెప్పనని ఒట్టు వేయించుకుని. ఆయన చాలాసేపు గడ్డం నిమురుకున్నాడు. "ఆడుటానికి జీతమా?" అన్నాడు. "మనమేమో ఇటుకలు మోసుడు. వాడేమో ఆడుడు." కానీ మరునాటి నుంచి తన మెస్సు కూరలోంచి రెండు ముక్కలు తీసి అంజి పళ్లెంలో వేసేవాడు.

జనవరి రెండో శుక్రవారం సెమీఫైనల్. ఫ్యాక్టరీల వెనక, కొండకూ రోడ్డుకూ మధ్య గరుకు ఇసుక మైదానం. మధ్యాహ్నం మూడింటికి వెళ్లి, అంజి కంట పడకుండా పాకిస్తానీ డ్రైవర్ల గుంపు వెనక నిలబడ్డాను. అరగంట ఆట చూశాను. ఆ తర్వాత అవతలి జట్టువాడి బూటు అంజి కుడి మోకాలి పక్కన తగిలింది. ఆ చప్పుడు నేను నిలబడ్డ చోటికి వినిపించింది. గుంపును తోసుకుని లోపలికి పరుగెత్తాను. నన్ను చూసి వాడు ఏడుపు ఆపుకుని, "నువ్వెందుకొచ్చినవ్ బావా?" అన్నాడు.

మోకాలి లోపల నరం తెగిందని, రెండు వారాల్లో ఆపరేషన్ చేయకపోతే సరిగా నడవలేడని ఆసుపత్రి డాక్టరు చెప్పాడు. ఆదివారం గడిచింది, సోమవారం గడిచింది. కంపెనీ నుంచి ఎవరూ రాలేదు. రెన్నీ ఫోన్ మోగి మోగి ఆగిపోయేది. నాకు ఆశ్చర్యం కలగలేదు. ముందు సీట్లో కూర్చోబెట్టుకున్నవాళ్లు దింపేటప్పుడు కూడా అంతే సులువుగా దింపుతారని మొదటి నుంచీ అనుకుంటూనే ఉన్నాను.

మంగళవారం మధ్యాహ్నం రెన్నీ వచ్చాడు. అంజి నిద్రపోతున్నాడు. వరండాలో నా పక్క కుర్చీలో కూర్చుని, నేను అడగకుండానే తన ముత్తాత సంగతి మొదలుపెట్టాడు. పెద్దవాళ్లు మన పక్కన కూర్చుని తాతముత్తాతల కబుర్లు చెబుతున్నారంటే ఏదో అడగబోతున్నారని లెక్క. నేను జాగ్రత్తగా విన్నాను.

ముత్తాత పేరు సాండీ. నూట నలభై ఏళ్ల కిందటి మాట. స్కాట్లండ్‌లో నది ఒడ్డున చిన్న ఊరు, ఇళ్ల కప్పులకు పలకరాళ్లు పరిచే పని, శనివారం ఫుట్‌బాల్. ఒకనాడు ఇంగ్లండు నుంచి గొర్రెల బేరగాడి వేషంలో ఒకడు వచ్చాడు. మంచి ఆటగాళ్లను తరలించుకుపోయే మనిషని తెలిస్తే ఊరివాళ్లు ఎముకలు విరగ్గొడతారని ఆ వేషం. ఆడినందుకు జీతం తీసుకోవడం అప్పట్లో తప్పు. అందుకని సాండీని ఒక నూలుమిల్లు ఊరికి తీసుకుపోయి, మిల్లు పుస్తకంలో నేతగాడని రాశారు. పేరు కూడా మార్చారు. ఆయన మగ్గం ముందు నిలబడింది మహా అయితే మూడుసార్లు.

"ఇంగ్లండు వాళ్లు అప్పుడు బంతి దొరికితే ఎవరికి వాళ్లే పట్టుకుని పరుగెత్తేవాళ్లు," అన్నాడు రెన్నీ. "మావాళ్లు పక్కవాడికి ఇచ్చి, మళ్లీ తీసుకుని, నలుగురూ కలిసి పోయేవాళ్లు. ఆ ఆట చూసి జనం మావాళ్లను ప్రొఫెసర్లు అనేవాళ్లు."

మైదానంలో ప్రొఫెసరు, మిల్లులో మాత్రం దొంగ. తోటి నేతగాళ్లు సాండీ పక్కన కూర్చుని తినేవాళ్లు కాదు. సొంత ఊళ్లోనేమో, అమ్ముడుపోయినవాడు, ఇక మన గడ్డ మీద ఆడటానికి వీల్లేదని పేపర్లో పేరు వేశారు. మూడు చలికాలాలు ఆడాడు. నాలుగో చలికాలం మోకాలు పోయింది. మిల్లువాళ్లు పుస్తకం తెరిచి, ఈ నేతగాడు పనికి రావడం లేదని పేరు కొట్టేశారు. ఆ మరుసటి ఏడే ఆటకు జీతం ఇవ్వవచ్చని నియమం మారింది. సాండీ ఊరికి తిరిగి వచ్చాడు కానీ కప్పులెక్కే కాలు లేదు. రేవులో పడవ టికెట్లు చింపుతూ బతికి, అలాగే పోయాడు.

రెన్నీ ఫోన్‌లో ఒక పాత ఫోటో చూపించాడు. పదకొండుమంది మీసాలవాళ్లు. చివర కూర్చున్న సాండీ కింద మాత్రం వేరే పేరు, మిల్లువాళ్లు మార్చింది.

"ఆ మిల్లుల ఒక్కడు గూడ చెప్పలేదా సార్?" అని హిందీలో అడిగాను. "ఈయన మా కోసమే ఆడిండు, ఇదే ఈయన పని అని?"

"తెలీదు. ఎక్కడా రాసి లేదు."

"మరి అంజి గురించి మీరు చెప్తరా?"

ఆయన ఫోన్ జేబులో పెట్టుకున్నాడు. తలుపు సందులోంచి అంజిని కాసేపు చూసి, ఏమీ చెప్పకుండా వెళ్లిపోయాడు. అనుకున్నట్టే అయింది అనుకున్నాను.

ఆ సాయంత్రం రజిత ఫోన్ చేసింది. "కంపెనోళ్లు నీతోని సంతకం పెట్టించుకుంటరట, వాడు ఆసుపత్రిల విన్నడట," అంది. "నువ్వు పెడ్తవ్. నాకెర్క. నీ నౌకరి నీకు కావాలె." నేను జవాబు చెప్పేలోపే పెట్టేసింది.

బుధవారం ఉదయం తొమ్మిదింటికి ఆఫీసుకు పిలిచారు. హెచ్.ఆర్. చూసే విజేత మేడంది కాకినాడ. మంచి మనిషే, పిల్లల కాగితాలకు, సెలవులకు మా వాళ్లకు చాలా సాయం చేసింది. నేను వెళ్లేసరికి ఫోన్‌లో ఉంది. ఆమె ఉండే వాడీ కబీర్ పేటలో స్కూలు బస్సు వాళ్ల అబ్బాయిని ఎక్కించుకోకుండా వెళ్లిపోయిందట. ఫోన్ పెట్టేసి, ఇంగ్లీషులో టైపు చేసిన కాగితం నా ముందుకు జరిపి తెలుగులో చదివింది. శుక్రవారం సెలవు రోజున హెల్పర్ అంజి సొంత సరదా కోసం ఆడుకుంటూ దెబ్బ తగిలించుకున్నాడు, దీనికి డ్యూటీతో సంబంధం లేదు, అతని ఫోర్మన్‌గా ఇది నాకు తెలుసు.

"సంతకం పెడ్తె ఏమైతది మేడం?"

"డ్యూటీలో తగిలిన దెబ్బ కాదు కాబట్టి ఇన్సూరెన్సు రాదండి. అన్‌ఫిట్ కింద ఇంటికి పంపించేస్తారు." ఆమె గొంతు తగ్గించింది. "మల్లేశం గారూ, నా మీద కూడా పైవాళ్లున్నారండి. పెట్టకపోతే రోజూ ఫుల్ డ్యూటీ హాజరు వేసింది మీరేనని అడుగుతారు. అది దొంగ హాజరవుతుంది. ఆలోచించుకోండి."

"శుక్రవారం టీమును తీస్కపోయిన బస్సు ఎవరిది మేడం?"

"మనదే."

"డ్రైవరుకు డ్యూటీ రాసిన్రా?"

ఆమె కంప్యూటరు చూసింది. "రాశారండి. ఓవర్‌టైమ్."

"డ్రైవరు డ్యూటీల ఉన్నడు, బస్సు డ్యూటీల ఉన్నది. ఆడినోడు ఒక్కడే సెలవుల ఉన్నడా?"

తెల్లకాగితం అడిగి తీసుకున్నాను. నాకు ఇంగ్లీషు రాయడం రాదు, తెలుగులోనే రాశాను. అంజిని కంపెనీ ఆడటానికే తెచ్చుకుంది. పదకొండు తర్వాత వదిలిపెట్టి పూర్తి హాజరు వేయమని ఆఫీసు చెప్పింది, నేను వేశాను. ఆట వాడి డ్యూటీ. దెబ్బ డ్యూటీలోనే తగిలింది. కింద సంతకం చేసి, నా బతాకా నంబరు వేశాను. మూడో అంకె తప్పు పడి, కొట్టేసి మళ్లీ రాయాల్సి వచ్చింది.

ఆమె అది రెండుసార్లు చదివింది. తర్వాత బల్ల సొరుగు లాగి రెండు పేజీల ఇంగ్లీషు కాగితం బయటికి తీసింది.

"పొద్దున్న ఏడింటికే రెన్నీ గారు ఇచ్చి వెళ్లారండి. ఇందులో ఉన్నదీ ఇదే," అంది. "ఒక్కటే అయితే చింపేయమంటారని భయపడి దాచాను. మీరేం రాస్తారో కూడా నాకు తెలీదు కదండీ." నా కాగితాన్ని దాని మీద పెట్టి రెండింటికీ కలిపి పిన్ను కొట్టింది.

తర్వాత జరిగినవి చప్పున జరిగాయి. డ్యూటీలో తగిలిన దెబ్బగా రాసి పదో రోజున ఆపరేషన్ చేయించారు. మా కంపెనీ జట్టును కప్పు నుంచి తీసేశారు. దొంగ హాజరుకు నాకు హెచ్చరిక కాగితం వచ్చింది, ఫోర్మన్ పని పోయి ఎనిమిది నెలలు మళ్లీ ఇటుకలు ఎత్తాను. రెన్నీ కాంట్రాక్టు ఏప్రిల్‌లో అయిపోయింది, మళ్లీ రాయలేదు. వెళ్లే ముందు క్యాంపుకు వచ్చి దేవయ్య మామ కలిపిన చాయ్ తాగాడు. నేను ఆయన్ని ఎంత అనుమానించానో చెప్పాలనిపించింది, కానీ చెప్పలేదు. అంజి ఇప్పుడు ఫోర్క్‌లిఫ్ట్ నడుపుతున్నాడు. చలి ఎక్కువైన రోజున కుడి కాలు కొద్దిగా ఈడుస్తాడు.

ఆపరేషన్ అయిన సాయంత్రం రజితకు నేనే ఫోన్ చేశాను. వాడు బాగానే ఉన్నాడని చెప్పాను. ఆమెకు సంగతంతా ముందే తెలుసు, వాడే చెప్పాడట.

"వాడు ఇగ ఆడడంట గదా," అంది.

"ఆడడు."

"నేను ఒక్కసారి గూడ సూడలే. నువ్వన్న సూసినవా?"

"సూసిన. అరగంట."

"ఎట్లాడిండు?"

ఆ ఆట గురించి మాట్లాడటం నాకు రాదు. ఆసుపత్రి మెట్ల మీద కూర్చుని, కనిపించింది కనిపించినట్టు చెప్పాను. బంతి వాడి కాళ్ల దగ్గరికి వచ్చింది. ముగ్గురు మీదికి వచ్చారు. వాడు తల ఎత్తి చూడనే లేదు. ఆ పక్కన దూరంగా ఒక నేపాలీ పిల్లగాడు పరుగెత్తుతున్నాడు, వాణ్ణి ఎవ్వరూ పట్టించుకోవడం లేదు, నేను కూడా అప్పటిదాకా చూడలేదు. ముగ్గురి మధ్యలోంచి బంతి పోయి ఆ పిల్లగాడి ముందు, సరిగ్గా వాడి అడుగు పడే చోట ఆగింది. ఆ తర్వాతే అవతలివాడి బూటు వచ్చి తగిలింది. అంజి కింద పడి ఉండగానే ఆ పిల్లగాడు గోల్ కొట్టాడు. ఆ డ్రైవర్లందరూ టోపీలు ఎగరేశారు, నేను కూడా అరిచాను.

"నువ్వు అర్సినవా?"

"అర్సిన."

అటు నుంచి ముక్కు చీదుకున్న చప్పుడు వినిపించింది.

"మల్ల చెప్పు," అంది. "మొదటికెళ్లి చెప్పు. బంతి ఎటుదిక్కు నుంచి వచ్చింది?"

కొండ దిక్కు నుంచి వచ్చిందని చెప్పడం మొదలుపెట్టాను.